తాండూరు ఓటు, ఢిల్లీ కుర్చీ

వికారాబాద్ పక్కన అనంతగిరి కొండల్లో పుట్టిన మూసీ హైదరాబాద్ చేరేసరికి హైకోర్టు గోడ వారగా పోతుంది. 1967లో వికారాబాద్ వైపు నుంచే ఒక తగాదా కూడా ఆ ఎర్రరాతి భవనం మెట్లెక్కింది. మరుసటి ఏడు ఏప్రిల్‌లో తీర్పు వచ్చింది. ఓడినవాడు కేంద్ర ప్రభుత్వంలో ఉక్కు, గనులు, లోహాల శాఖ మంత్రి. గెలిచినవాడు తాండూరులో ఎన్నిక ఓడిపోయిన అభ్యర్థి.

మంత్రి పేరు డాక్టర్ మర్రి చెన్నారెడ్డి. అభ్యర్థి పేరు వందేమాతరం రామచంద్రరావు.

టీవీ సీరియళ్లలో కోర్టు అనగానే ఒక శవం, ఒక కత్తి, చివరి ఎపిసోడ్‌లో తలుపు తోసుకొచ్చే సాక్షి ఉంటారు. ఈ కథలో శవం లేదు. పోలీసులూ లేరు. అరెస్టు లేదు, బెయిల్ లేదు. అయినా పడిన శిక్ష మాత్రం ఏ రాజకీయ నాయకుడినైనా నిద్రపోనివ్వనిది: ఆరేళ్లపాటు ఏ చట్టసభకూ పోటీ చేయడానికి వీల్లేదు.

కథ అర్థం కావాలంటే ఇద్దరినీ ముప్పై ఏళ్లు వెనక్కి తీసుకెళ్లాలి. 1938 నాటికి నిజాం రాజ్యం ఉడుకుతోంది. ఒకవైపు ఆర్యసమాజం సత్యాగ్రహం, మరోవైపు స్టేట్ కాంగ్రెస్, ఇంకోవైపు ఉస్మానియా హాస్టళ్లలో వందేమాతరం పాడినందుకు చదువుకు దూరమైన విద్యార్థులు. గద్వాల ప్రాంతం నుంచి వచ్చిన వావిలాల రామచంద్రరావు ఆర్యసమాజం కార్యకర్త. జైల్లో కొరడా దెబ్బ పడిన ప్రతిసారీ వందేమాతరం అని అరిచాడనీ, అందుకే ఆ పేరు స్థిరపడిందనీ ఇప్పటికీ చెప్పుకుంటారు. ఇంటిపేరు వెనక్కి తగ్గింది, నినాదం ముందుకొచ్చింది. ఆయన సోదరుడు వీరభద్రరావుకూ అదే పేరు అతుక్కుంది.

చెన్నారెడ్డి 1919లో మర్పల్లి ప్రాంతంలో పుట్టారు. ఇప్పుడది వికారాబాద్ జిల్లా. మేనమామ కొండా వెంకట రంగారెడ్డి పేరున్న వకీలు, ఆ తరవాత ఉప ముఖ్యమంత్రి కూడా అయ్యారు. మేనల్లుడు వైద్యం చదివి 1941లో ఎం.బి.బి.ఎస్. పట్టా తీసుకున్నారు. రోగుల నాడి చూడటం కంటే జనం నాడి చూడటం మీదే ధ్యాస ఎక్కువ. 1952లో తొలి ఎన్నికల్లో వికారాబాద్ నుంచి గెలిచి, ముప్పై మూడేళ్ల వయసులోనే బూర్గుల రామకృష్ణారావు మంత్రివర్గంలో వ్యవసాయ మంత్రి అయ్యారు. ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక సంజీవరెడ్డి, బ్రహ్మానందరెడ్డి మంత్రివర్గాల్లోనూ పనిచేశారు. అధికారం ఆయనకు ఒంటికి పట్టిన చొక్కా.

అంటే ఈ కేసులో వాది, ప్రతివాది ఇద్దరూ నిజాం పాలనను ఎదిరించిన తరం వాళ్లే. ఒకరు జైలు దారిలో వచ్చారు, ఒకరు కాలేజీ దారిలో వచ్చారు. ఆ దారులు తాండూరులో అడ్డంగా కలిశాయి.

1967 నాటి తాండూరును ఇప్పటి తాండూరు అనుకోవద్దు. సిమెంటు ఫ్యాక్టరీలు ఇంకా రాలేదు. ఊరు హైదరాబాద్ జిల్లాలో ఉండేది. రంగారెడ్డి జిల్లా పుట్టడానికి పదకొండేళ్లు, వికారాబాద్ జిల్లా పుట్టడానికి దాదాపు యాభై ఏళ్లు ఆగాలి. నేల కింద నీలం బండ, నేల మీద కంది చేను. సికింద్రాబాద్ నుంచి వాడీ వెళ్లే రైలు నిజాం కాలం నుంచీ ఆ ఊరి మీదుగానే పోతుంది. అటు కన్నడం, ఇటు తెలుగు, బజారులో ఉర్దూ. ఒకే మనిషి ఒకే బేరంలో మూడు భాషలూ వాడే చోటు అది. ఎన్నికల సభలో ఎవరు ఏమన్నారో ఏడాది తరవాత కోర్టులో చెప్పాల్సి వస్తే ఎంత తిరకాసో ఊహించుకోవచ్చు.

ఆ ఏడాది ఫిబ్రవరిలో ఎన్నికలు జరిగాయి. దేశమంతా కాంగ్రెస్‌కు ఎదురుగాలి వీచినా, ఆంధ్రప్రదేశ్‌లో 287 స్థానాలకు 165 గెలిచి బ్రహ్మానందరెడ్డి మళ్లీ ముఖ్యమంత్రి అయ్యారు. తాండూరులో చెన్నారెడ్డి గెలిచారు. ఊపిరి తీసుకునేలోపే ఢిల్లీ పిలుపు వచ్చింది. మార్చిలో ఇందిరాగాంధీ మంత్రివర్గంలో ఉక్కు శాఖ. ఆ శాఖ ఆ రోజుల్లో తెలుగువాడికి దక్కడమంటే మామూలు మాట కాదు. అంతకు కొద్ది నెలల ముందే, 1966 నవంబర్ 1న, విశాఖ ఉక్కు కోసం జరిగిన ఆందోళనలో విశాఖపట్నంలో కాల్పులు జరిగి జనం చనిపోయారు. ఆ నెత్తురు ఆరకముందే ఉక్కు మంత్రి కుర్చీలో ఒక తెలుగువాడు కూర్చున్నాడు.

కేంద్ర మంత్రి కావాలంటే పార్లమెంటులో సభ్యత్వం ఉండాలి. చెన్నారెడ్డి రాజ్యసభకు వెళ్లారు. శాసనసభలో, పార్లమెంటులో ఒకేసారి కూర్చోవడానికి రాజ్యాంగం ఒప్పుకోదు. కాబట్టి తాండూరు సీటుతో మంత్రిగారికి ఇక పని లేనట్టే. కానీ ఎన్నికల చట్టానికి ఒక మొండితనం ఉంది. గెలిచినవాడు అక్రమానికి పాల్పడ్డాడన్న ఆరోపణ కోర్టు ముందు ఉన్నప్పుడు, సీటు ఖాళీ అయినా కేసు ఖాళీ కాదు. అక్కడ తేలాల్సింది కుర్చీ ఎవరిదన్నది ఒక్కటే కాదు, ఆ మనిషి మళ్లీ పోటీకి అర్హుడా కాదా అన్నది కూడా.

రామచంద్రరావు పిటిషన్ వేశారు.

ఇక్కడ చట్టం గురించి నాలుగు మాటలు చెప్పుకోవాలి. నాటకం ఉన్నదంతా అక్కడే. 1967కు ముందు ఎన్నికల తగాదాలు ట్రిబ్యునళ్ల దగ్గరికి వెళ్లేవి. అక్కడి నుంచి అప్పీళ్లు, రిట్లు, మళ్లీ అప్పీళ్లు. తీర్పు వచ్చేలోపు మళ్లీ ఎన్నికలే వచ్చేవి. 1966లో ప్రజా ప్రాతినిధ్య చట్టాన్ని సవరించి ట్రిబ్యునళ్లను తీసేశారు. పిటిషన్ నేరుగా హైకోర్టు జడ్జి ముందుకు రావాలి, అక్కడి నుంచి అప్పీలు నేరుగా సుప్రీంకోర్టుకే పోవాలి. ఫలితం ప్రకటించిన 45 రోజుల్లో పిటిషన్ వేయాలి, 2,000 రూపాయలు డిపాజిట్ కట్టాలి. వీలైనంత వరకు ఆరు నెలల్లో విచారణ ముగించాలని చట్టం కోరుతుంది. ఆ కొత్త పద్ధతిలో విచారణకు వచ్చిన మొదటి సాధారణ ఎన్నికలు 1967వే. తాండూరు కేసు ఆ తొలి విడతలోది.

డబ్బో వస్తువో ఇచ్చి ఓటు కొనడం, బెదిరించడం, మతం పేరుతోనో కులం పేరుతోనో ఓటు అడగడం, ఎదుటివాడి నడవడి గురించి అబద్ధాలు ప్రచారం చేయడం, ఓటర్లను బండ్లలో తోలుకురావడం, సర్కారు ఉద్యోగులను వాడుకోవడం, పరిమితి దాటి ఖర్చు పెట్టడం: చట్టం అవినీతి చర్యలన్న పేరు కింద పెట్టిన జాబితా ఇలా సాగుతుంది. గెలిచిన అభ్యర్థి వీటిలో ఒక్కటి చేశాడని రుజువైనా ఎన్నిక రద్దు. మెజారిటీ పది ఓట్లా, పదివేల ఓట్లా అన్న లెక్కే లేదు. ఆ ఒక్క పని వల్ల ఫలితం మారిందా అని కూడా కోర్టు అడగదు.

అంత పదునైన చట్టం కాబట్టే ఆరోపణ చేసేవాడి మీదా బరువు పెట్టారు. గాలిలో రాళ్లు విసరడం కుదరదు. ఎవరు, ఎక్కడ, ఏ తేదీన, ఎవరితో, ఏం చేశారో వివరంగా రాయాలి. దానికి అఫిడవిట్ జత చేయాలి. వివరం లేని ఆరోపణను కోర్టు పక్కన పడేయవచ్చు. ఇక్కడే ఓడిన అభ్యర్థికి ముచ్చెమటలు పడతాయి. సాయానికి పోలీసు స్టేషన్ లేదు, ఫోరెన్సిక్ ల్యాబ్ లేదు, సోదా వారంటు లేదు. ఊరూరా తిరిగి, ఎవరు చూశారో కనుక్కుని, నువ్వు చూసింది హైదరాబాద్ వచ్చి జడ్జి ముందు చెబుతావా అని బతిమాలుకోవాలి. అవతల ఉన్నది మామూలు ఎమ్మెల్యే కాదు, కేంద్ర మంత్రి. ఊళ్లో రేపు బావి తవ్వాలన్నా, రోడ్డు పడాలన్నా, పిల్లవాడికి ఉద్యోగం కావాలన్నా ఆ మనుషుల దగ్గరికే పోవాలి. అలాంటి చోట ఒక రైతు సాక్షిగా రైలెక్కాడంటే దానికి గుండె కావాలి. లేదా ఎదుటి వర్గం మీద పాత కక్ష అయినా ఉండాలి. కోర్టు తేల్చాల్సింది సరిగ్గా ఆ రెండింటి మధ్య తేడానే.

ఎన్నికల పిటిషన్ విచారణ ఎలా సాగుతుందో ఒకసారి చూద్దాం. ఈ కింద ఉన్న మాటలు తాండూరు కేసు రికార్డులోవి కావు. ఇలాంటి కేసులన్నింటిలోనూ వినిపించే తీరు ఇది.

బోనులో ఒక రైతు. ఎదురుగా నల్లకోటు.

"సభ ఎప్పుడు జరిగింది?"

"సంతనాడు సార్."

"ఏ తారీఖు?"

"తారీఖు నాకెర్కలే. పొద్దుగూకినంక అయింది."

"ఎంతమంది వచ్చారు?"

"శానమంది అచ్చిన్రు."

"శానమంది అంటే వందా, వెయ్యా?"

"నేను లెక్కవెట్టలే సార్."

"తారీఖు తెలియదు, జనం ఎంతో తెలియదు. అభ్యర్థి అన్న మాట మాత్రం పొల్లుపోకుండా గుర్తుందా?"

"నా ముంగటనే అన్నడు గద."

ఈ ఆఖరి జవాబు విని నల్లకోటు జడ్జి వైపు తిరిగి నవ్వుతుంది. చూశారా, అంతా చెప్పించి తీసుకొచ్చారు అన్నట్టు. జడ్జి మాత్రం నవ్వడు. తారీఖులు గడగడా అప్పజెప్పే సాక్షి కంటే తారీఖు తెలియని సాక్షే ఒక్కోసారి నిజానికి దగ్గరగా ఉంటాడని కింది కోర్టు నుంచి పైకి వచ్చిన ఏ జడ్జికైనా తెలుసు. నోట్స్ రాసుకుంటాడు. ఒక్క ప్రశ్న మాత్రం ఎవరూ అడగడానికి లేదు: నువ్వు ఓటు ఎవరికి వేశావు? రహస్య బ్యాలెట్‌ను చట్టం బోనులో కూడా కాపాడుతుంది. ఇంకో విచిత్రం ఏమిటంటే, నిజం చెబితే నేనే ఇరుక్కుంటాను కాబట్టి చెప్పను అని సాక్షి తప్పించుకోలేడు. లంచం తీసుకున్నవాడైనా సరే జవాబు చెప్పాల్సిందే. నిజాయతీగా చెబితే ఆ మాట ఆధారంగా అతని మీద కేసు పెట్టకుండా రక్షణ పత్రం ఇస్తారు.

హైదరాబాద్‌లో ఈ విచారణ నడుస్తుంటే ఢిల్లీలో ఉక్కు శాఖ పని అది చేసుకుపోతూనే ఉంది. 1968 ఏప్రిల్ మొదట్లో బొకారోలో కొత్త ఉక్కు కర్మాగారం పనులు ప్రారంభమయ్యాయి. అదే నెలలో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తీర్పు చెప్పింది. తాండూరు నుంచి చెన్నారెడ్డి ఎన్నిక చెల్లదు. అవినీతి చర్యలు రుజువయ్యాయి.

రుజువైందన్న మాటతోనే ఆరేళ్ల అనర్హత వెంట వచ్చింది. అప్పటి చట్టంలో దానికి వేరే అధికారి సంతకం అవసరం లేదు. కోర్టు ఉత్తర్వు అమల్లోకి వచ్చిన రోజు నుంచి లెక్క మొదలు. ఆ అనర్హత తాండూరు పొలిమేర దగ్గర ఆగదు, అసెంబ్లీ గేటు దగ్గరా ఆగదు, నేరుగా రాజ్యసభ దాకా పోతుంది. సభ్యత్వం పోయాక మంత్రి పదవి ఎక్కడిది? ఉక్కు మంత్రి రాజీనామా చేశారు. తాండూరు సీటు ఎప్పుడో వదిలేసినవాడు తాండూరు కేసుతోనే ఢిల్లీ కుర్చీ దిగాల్సి వచ్చింది.

అప్పీలు సుప్రీంకోర్టుకు వెళ్లింది.

ఈ కథలో నాకు అన్నిటికంటే ఆసక్తిగా అనిపించేది ఇక్కడి వాదన. లా కాలేజీల బయట దీన్ని తలచుకునేవాళ్లు తక్కువ. ప్రశ్న ఇది: ఎన్నికల్లో అక్రమం చేశాడన్న ఆరోపణను ఏ తూకంతో తూచాలి? పొలం గట్టు తగాదాలో ఎవరి మాట ఎక్కువ నమ్మదగ్గట్టుంటే వాళ్లదే గెలుపు. హత్య కేసులో అలా కాదు. అనుమానం రవ్వంత మిగిలినా ముద్దాయిని వదిలేయాలి. పైగా ముద్దాయి నోరు విప్పాల్సిన పని లేదు. నేరం రుజువు చేయడం సర్కారు బాధ్యత, అతను చేతులు కట్టుకుని నిలబడవచ్చు. ఎన్నికల అక్రమం ఈ రెండింటిలో దేని కిందికి వస్తుంది? శిక్ష చూస్తే క్రిమినల్ కేసులా ఉంది, విచారణ చూస్తే సివిల్ దావాలా నడుస్తోంది. పదవి పోయినవాళ్లంతా ఇది క్రిమినల్ కేసు లాంటిదే అంటారు. పిటిషన్ వేసినవాళ్లంతా కాదు, సివిల్ దావానే అంటారు.

1968 డిసెంబర్‌లో సుప్రీంకోర్టు చెప్పింది రెండు పక్షాలకూ సగం సగం నచ్చేదీ, సగం సగం గుచ్చుకునేదీ. అవును, ఆరోపణ తీవ్రమైనది, అటో ఇటో మొగ్గు చూసి తేల్చేది కాదు, సూటి సాక్ష్యం, గట్టి సాక్ష్యం కావాలి. అంతవరకు క్రిమినల్ విచారణ పోలికే. అయితే అక్కడితో పోలిక అయిపోయింది. ఎన్నికల కేసుల్లో రుజువు ఎక్కువగా మనుషుల నోటి మాట మీదే ఆధారపడి ఉంటుంది. అభ్యర్థి తన వైపు సాక్ష్యం తెస్తాడు, కాదంటాడు. అప్పుడు కోర్టు చేయాల్సింది రెండు కథనాలనూ పక్కపక్కన పెట్టి, ఈ ఖండన అంతా విన్న తరవాత కూడా వివేకం ఉన్న మనిషి ఆరోపణ నిజమేనని నమ్మగలడా అని చూడటం. నడిచేది సివిల్ ప్రొసీజర్, వర్తించేది సాక్ష్య చట్టం. కాబట్టి తన మాటను బలపరిచే సాక్ష్యం అందుబాటులో ఉండీ తేనివాడి మీద కోర్టు ప్రతికూలంగా ఊహించుకోవచ్చు.

ఈ ఆఖరి వాక్యంలోనే ఉంది అసలు దెబ్బ. హత్య కేసు ముద్దాయికి మౌనం ఒక గోడ. ఎన్నికల కేసులో అభ్యర్థికి ఆ గోడ లేదు. ఆ సభలో నీ పక్కన కూర్చున్నవాడిని ఎందుకు పిలవలేదు, ఆ ఖర్చు లెక్క రాసినవాడిని ఎందుకు తేలేదు అని కోర్టు అడగవచ్చు. జవాబు లేకపోతే ఆ లేకపోవడమే సాక్ష్యం అవుతుంది.

ఇది కటువైన సూత్రమే. ఆరేళ్ల రాజకీయ జీవితాన్ని తీసేసే శిక్షను దావా పద్ధతిలో వేయడం న్యాయమా అని ఎవరైనా అడిగితే కొట్టిపారేయలేం. కానీ ఓడిన అభ్యర్థి చేతిలో పోలీసులు లేరన్న సంగతి గుర్తు తెచ్చుకుంటే ఈ తూకం ఎందుకు అవసరమైందో తెలుస్తుంది. గెలిచినవాడికి మౌనహక్కు కూడా ఇచ్చేస్తే ఎన్నికల పిటిషన్ అనేది కాగితం మీదే మిగిలేది. తరవాతి దశాబ్దాల్లో ఎన్నికల అక్రమాల కేసుల్లో రుజువు ఎంత గట్టిగా ఉండాలన్న చర్చ వచ్చినప్పుడల్లా చెన్నారెడ్డి వర్సెస్ రామచంద్రరావు అన్న పేరు తీర్పుల్లో కనిపిస్తూనే వచ్చింది. తాండూరు ఎన్నిక దేశంలోని లాయర్లందరికీ అలా పాఠమైంది.

సుప్రీంకోర్టు హైకోర్టు తీర్పును నిలబెట్టింది. కేసు అయిపోయింది, ఆరేళ్ల అనర్హత ఖాయమైంది.

ఆ తీర్పు వచ్చిన నెలలోపే, 1969 జనవరిలో, పాల్వంచ, ఖమ్మం వైపు నుంచి నిప్పు రాజుకుంది. ఉద్యోగాల్లో తెలంగాణ వాళ్లకు ఇచ్చిన హామీలు అమలు కాలేదని మొదలైన విద్యార్థుల ఆందోళన వారాల్లోనే ప్రత్యేక తెలంగాణ ఉద్యమంగా మారింది. మార్చిలో మదన్‌మోహన్ ముందుండగా తెలంగాణ ప్రజా సమితి ఏర్పడింది. మే నెలలో దాని పగ్గాలు చెన్నారెడ్డి చేతికి వచ్చాయి. జూన్‌లో అరెస్టయ్యారు. రాజమండ్రి జైలుకు పంపారు.

పదవి పోయిన కోపంతోనే ఆయన ఉద్యమంలోకి దూకారన్నది అప్పటినుంచీ ఉన్న విమర్శ. కాదు, 1956కు ముందు నుంచీ ఆయనకు ఆంధ్రతో తెలంగాణ విలీనం మీద అభ్యంతరాలు ఉన్నాయనేవాళ్లూ ఉన్నారు. నాకు రెండూ పూర్తిగా రుచించవు. విద్యార్థులు తూటాలకు ఎదురు వెళ్లింది తాండూరు తీర్పు కోసం కాదు, ఉద్యమం ఆ తీర్పు లేకపోయినా వచ్చేదే. కానీ 1969 వేసవిలో ఒక కేంద్ర మంత్రి ఢిల్లీలో ఉక్కు ఫైళ్ల మీద సంతకాలు చేస్తూ ఉండి ఉంటే, ప్రజా సమితి అధ్యక్షుడు మరొకరు అయ్యేవారు. చరిత్రలో ఈపాటి తేడా చిన్నదేమీ కాదు. నడిపేవాడు మారితే బండి ఆగే చోటూ మారుతుంది.

ఆ ఆగిన చోటు సంగతి తెలిసిందే. 1971 లోక్‌సభ ఎన్నికల్లో దేశమంతా ఇందిర గాలి వీస్తుంటే, తెలంగాణలోని 14 స్థానాల్లో 10 ప్రజా సమితి గెలుచుకుంది. ఆ గెలుపును నడిపించిన నాయకుడికి మాత్రం ఎక్కడా నామినేషన్ వేసే హక్కు లేదు. ఇతరుల కోసం ఓట్లు అడిగారు, ఇతరులు పార్లమెంటుకు వెళ్లారు. ఆ ఏడాది సెప్టెంబర్‌లో బ్రహ్మానందరెడ్డి ముఖ్యమంత్రి పదవి నుంచి తప్పుకోవడం, తెలంగాణకు చెందిన పి.వి. నరసింహారావు ఆ కుర్చీ ఎక్కడం, ప్రజా సమితి కాంగ్రెస్‌లో కలిసిపోవడం ఒకదాని వెంట ఒకటి జరిగిపోయాయి. నమ్మి వెంట నడిచినవాళ్లలో చాలామంది ఆ విలీనాన్ని క్షమించలేదు. 2001 తరవాత మలి ఉద్యమం వచ్చినప్పుడు కూడా ఆ గాయం గురించి సభల్లో మాట్లాడుకున్నారు.

1974లో ఆరేళ్లు నిండాయి. అదే ఏడాది అక్టోబర్‌లో చెన్నారెడ్డి ఉత్తరప్రదేశ్ గవర్నర్‌గా లక్నో రాజ్‌భవన్‌లో అడుగుపెట్టారు.

ఇక్కడ ఏ రచయితైనా రాస్తే అతి చేశాడని అనుకునే మలుపు ఉంది, కానీ ఇది చరిత్రే రాసింది. ఎనిమిది నెలలు తిరగకుండానే, 1975 జూన్ 12న, ఆయన గవర్నర్‌గా ఉన్న రాష్ట్రంలోని అలహాబాద్ హైకోర్టులో జస్టిస్ జగ్‌మోహన్‌లాల్ సిన్హా తీర్పు చదివారు. రాయ్‌బరేలీ నుంచి ప్రధాని ఇందిరాగాంధీ ఎన్నిక చెల్లదు. పిటిషన్ వేసింది ఓడిన అభ్యర్థి రాజ్‌నారాయణ్. ఓట్ల తేడా లక్ష పైచిలుకు. రుజువైన అక్రమాలు సర్కారు ఉద్యోగుల సాయానికి సంబంధించినవి. అనర్హత ఆరేళ్లు. అదే చట్టం, అదే పద్ధతి.

తాండూరు తీర్పు వచ్చినప్పుడు ఇందిర మంత్రివర్గంలోని మంత్రి కుర్చీ దిగారు, అప్పీలు తరవాత నడిచింది. రాయ్‌బరేలీ తీర్పు వచ్చినప్పుడు ప్రధాని కుర్చీ దిగలేదు. సుప్రీంకోర్టు సెలవుల జడ్జి వి.ఆర్. కృష్ణయ్యర్ జూన్ 24న షరతులతో స్టే ఇచ్చారు. మరునాటి రాత్రి ఎమర్జెన్సీ వచ్చింది. లక్నో రాజ్‌భవన్‌లో కూర్చున్న పెద్దమనిషి ఆ రాత్రి ఏమనుకున్నారో ఊహించడం నా పని కాదు. ఆరేళ్ల అనర్హత అంటే ఏమిటో సొంత అనుభవంతో తెలిసినవాళ్లు ఆనాటి గవర్నర్లలో ఎక్కువమంది మాత్రం ఉండరు.

ఆగస్టులో పార్లమెంటు ఎన్నికల చట్టాన్నే మార్చేసింది, అదీ వెనకటి తేదీల నుంచి వర్తించేలా. అప్పటివరకు అక్రమం రుజువైతే అనర్హత దానంతట అదే వచ్చి పడేది. ఇకమీదట ఆ కేసు రాష్ట్రపతి దగ్గరికి వెళ్లాలి, ఎన్నికల సంఘం అభిప్రాయం తీసుకోవాలి, ఆ తరవాతే ఎన్నేళ్లు అన్నది తేలాలి. ఆరేళ్లు మించకూడదు, తక్కువ కావచ్చు, అసలే ఉండకపోనూ వచ్చు. తాండూరు కేసులో ఆ సవరణ ఉండి ఉంటే ఏమయ్యేదో ఎవరికి వాళ్లు ఆలోచించుకోవచ్చు. నవంబర్‌లో సుప్రీంకోర్టు ఇందిర ఎన్నికను సమర్థించింది.

1978 మార్చిలో చెన్నారెడ్డి ఆంధ్రప్రదేశ్ ముఖ్యమంత్రి అయ్యారు. ఆ ఆగస్టు 15న హైదరాబాద్ జిల్లాను విడదీసి, మేనమామ పేరు మీద రంగారెడ్డి జిల్లా ఏర్పాటు చేశారు. తాండూరు, వికారాబాద్ అందులోకి వెళ్లాయి. 1989లో మళ్లీ ముఖ్యమంత్రి. మధ్యలోనూ ఆ తరవాతా పంజాబ్, రాజస్థాన్ రాజ్‌భవన్‌లు. ఇప్పుడు హైదరాబాద్‌లో అధికారులకు శిక్షణ ఇచ్చే సంస్థకు ఆయన పేరు ఉంది, ఇందిరా పార్కులో సమాధి ఉంది. కేసు గెలిచిన రామచంద్రరావు తరవాతి కాలంలో రాష్ట్ర అధికార భాషా సంఘానికి అధ్యక్షులయ్యారు, ఆఫీసుల్లో తెలుగు కోసం పాటుపడ్డారు. ఈనాటి తాండూరు యువకుల్లో ఆయన పేరు విన్నవాళ్లు ఎందరుంటారో చెప్పడం కష్టం. కేసు ఓడినవాడి పేరు మాత్రం అందరికీ తెలుసు.

చెన్నారెడ్డి పేరు మరోసారి హైకోర్టు తలుపు తట్టింది. ఈసారి మద్రాసులో. 1993 నుంచి ఆయన తమిళనాడు గవర్నర్. ముఖ్యమంత్రి జయలలితతో మొదటి నుంచీ పొసగలేదు. ఆమె మీద అవినీతి ఆరోపణలపై ప్రాసిక్యూషన్‌కు అనుమతి కావాలని సుబ్రమణ్యస్వామి కోరితే, 1995లో గవర్నర్ సంతకం చేశారు. జయలలిత కోర్టుకు వెళ్లారు. కేసు పేరు జయలలిత వర్సెస్ డాక్టర్ ఎం. చెన్నారెడ్డి. ఇరవై ఏడేళ్ల తరవాత మళ్లీ ప్రతివాది స్థానంలో అదే పేరు, అదీ మరొకరి అవినీతి ఆరోపణల కేసులో. కాకపోతే ఈసారి సాక్షులను తెచ్చుకోవాల్సిన పని లేదు, మౌనంగా ఉంటే ప్రతికూలంగా ఊహిస్తారన్న భయమూ లేదు. పదవిలో ఉండగా తన అధికారాలతో చేసిన పనులకు గవర్నర్ ఏ కోర్టుకూ జవాబు చెప్పనక్కర్లేదని రాజ్యాంగం 361వ అధికరణంలో రాసి పెట్టింది.